మౌస్ 8000ల పెడితే గేమ్ స్మూత్ కావాలె గదా, నాది ఆగుతుందేంది?

హన్మకొండ_హెడ్‌షాట్:

అన్నలకు నమస్తే. ఆదివారం పక్క హాస్టల్ వాళ్లతోని మాకు మ్యాచ్ ఉన్నది, గందుకే కొంచెం తొందర పడుతున్న.

సిస్టమ్ చెప్త: ఐ3 10100ఎఫ్ ప్రాసెసర్, 16 జీబీ ర్యామ్, జీటీఎక్స్ 1650 గ్రాఫిక్స్ కార్డు, విండోస్ 10. మానిటర్ సెకండ్ హ్యాండ్‌ల దొరికింది, 144 హెర్ట్జ్. ఆడేది వాలరెంట్, ఎప్పుడన్నా సీఎస్2, రెండు కాల్పుల గేములే. ఇన్ని రోజులు పీసీతోని వచ్చిన ఆఫీస్ మౌస్‌తోనే నడిపించిన. మొన్న మా బావను బతిమిలాడి పైసలు తీసుకొని గేమింగ్ మౌస్ తెప్పించిన, వైర్‌దే. డబ్బా మీద 8000 హెర్ట్జ్ పోలింగ్ రేట్, అంటే మౌస్ సెకనుకు 8000 సార్లు కంప్యూటర్‌కు కబురు చెప్తదని, పెద్దగ రాసి ఉన్నది. సాఫ్ట్‌వేర్‌ల 125 నుంచి 8000 దాక ఆప్షన్లు ఉన్నయి. సీదా 8000 పెట్టిన.

డెస్క్‌టాప్ మీద మంచిగనే ఉన్నది. గేమ్‌ల ఒక దగ్గర నిలబడితే ఎఫ్‌పీఎస్ (సెకనుకు గేమ్ గీసే బొమ్మలు) 200 చూపెడుతది. ఎవడన్నా వెనుక నుంచి కాల్చిండనుకో, మౌస్ గట్టిగ తిప్పంగనే 110కి పడిపోతది. స్క్రీన్ టక్కున ఆగి మళ్ల నడుస్తది. గంతల నేను సచ్చిపోత. మౌస్ కదలకుంట పెడితే మళ్ల 200. పాత మౌస్‌తోని గిట్ల ఎన్నడు కాలే. ఇక్కడ షాప్ ఆయన్ను అడిగితే గ్రాఫిక్స్ కార్డు మార్చాలె అన్నడు, ఆయన దగ్గర కార్డు అమ్మకానికి కూడ ఉన్నదట.

ఇంకో అనుమానం. బ్రౌజర్‌ల పోలింగ్ రేట్ చూపెట్టే సైట్ ఒకటి ఉన్నది. అండ్ల 1000 పెట్టినా, 8000 పెట్టినా 143, 144 గట్లనే వస్తుంది. మౌస్ డూప్లికేట్ అంటగట్టిన్రా? వాపస్ చేసే గడువు దగ్గర పడ్డది.

డీపీఐ (అంగుళం కదిలితే మౌస్ లెక్కపెట్టే కౌంట్లు) 400, గేమ్‌ల సెన్సిటివిటీ 0.8. ఎంతల పెట్టుకోవాలె, ఏం మార్చాలె, జర చెప్పున్రి.


బీచ్‌రోడ్_బాట్:

బ్రో, పోలింగ్ రేట్ అంతా డబ్బా మీద రాసుకోవడానికే. నేను ఆఫీస్ మౌస్‌తోనే ప్లాటినం ర్యాంకు దాకా వచ్చాను. మనకి సర్వర్‌కి వెళ్లి రావడానికే, అదే పింగే, 35, 40 మిల్లీసెకన్లు ఉంటుంది, అక్కడ మౌస్‌లో ఒక మిల్లీసెకను తగ్గితే ఎవడికి తెలుస్తుంది? వాపస్ ఇచ్చేసి ఆ డబ్బుతో పెద్ద మౌస్ ప్యాడ్ కొనుక్కో. మిగిలింది బావకి ఇచ్చేయ్.


బ్రాడీపేట_బాబాయ్:

హన్మకొండ అబ్బాయ్, మౌస్ వాపస్ ఇవ్వకు. గ్రాఫిక్స్ కార్డు జోలికి అసలే పోకు. నువ్వు రాసిన రెండు లక్షణాలూ పక్కపక్కన పెట్టి చూస్తే మౌస్ నిక్షేపంగా ఉందని తెలిసిపోతోంది. దాని వేగం నీ ప్రాసెసర్ తట్టుకోలేకపోతోంది, అదీ గొడవ.

ముందు ఆ బ్రౌజర్ సైట్ సంగతి తేల్చేద్దాం. నీ మానిటర్ 144, సైట్ చెప్పేదీ 144. అంటే అది లెక్కపెడుతున్నది నీ స్క్రీన్‌ని. క్రోమ్ లాంటి బ్రౌజర్లు మౌస్ కదలికల్ని వచ్చినవి వచ్చినట్టు పేజీకి అందించవు. ఒక ఫ్రేమ్‌లోపు వచ్చినవన్నీ కూడగట్టి, బొమ్మ గీసే ముందు ఒక్కసారిగా ఇస్తాయి. ఆ కట్ట విప్పి లోపల ఎన్ని ఉన్నాయో చూసేలా రాసిన సైట్లు కొన్ని ఉన్నాయి, మిగతావి కట్టల్నే లెక్కేస్తాయి. అనుమానంగా ఉంటే మానిటర్‌ని కాసేపు 60 హెర్ట్జ్‌లో పెట్టి అదే సైట్ తెరువు, మౌస్ 60కి పడిపోయిందంటుంది.

సరిగ్గా చూడాలంటే మౌస్ టెస్టర్ అని చిన్న ప్రోగ్రామ్ ఉంది, ఉచితం. కలెక్ట్ నొక్కి, ఎడమ బటన్ పట్టుకుని, మౌస్‌ని అటూ ఇటూ గట్టిగా ఊపి వదిలెయ్. తర్వాత ప్లాట్‌లోకి వెళ్లి ఇంటర్వెల్ ఎంచుకుంటే మౌస్ పంపే ఒక్కో రిపోర్టుకీ (కదలిక కబురుకీ) మధ్య ఎంత టైమ్ పట్టిందో చుక్కలు పెట్టి చూపిస్తుంది. 1000లో ఉన్నప్పుడు చుక్కలు 1 మిల్లీసెకను గీత వెంబడి బారుగా ఉండాలి. ఒకటీ అరా పక్కకి జరిగితే పట్టించుకోకు. 0.5 దగ్గర కొన్ని, 2 దగ్గర కొన్ని, 3 దగ్గర కొన్ని చెదిరి ఉన్నాయంటే మాత్రం ఎక్కడో తేడా ఉంది. నన్నడిగితే అంకె ఎంత పెద్దదన్నది తర్వాత సంగతి. చుక్కలు బారుగా ఉండటమే ముఖ్యం.

ఇక బీచ్‌రోడ్ తమ్ముడి మాట. 1000 దాటినవాటి గురించి అయితే ఒప్పుకుంటాను. 125 దగ్గర, అంటే నీ ఆఫీస్ మౌస్ నడిచే చోట, మాత్రం ఒప్పుకోను.

యూఎస్‌బీలో మౌస్ తనంతట తాను ఏమీ పంపదు. కంప్యూటరే అడుగుతూ ఉంటుంది, ఏమన్నా ఉందా, ఏమన్నా ఉందా అని. సెకనుకి 125 సార్లు అడిగితే 8 మిల్లీసెకన్లకోసారి అన్నట్టు. ఈలోపు నువ్వు ఎంత కదిపావో మౌస్ కూడబెట్టి ఉంచుతుంది. ఆర్టీసీ బస్సు 8 నిమిషాలకొకటి వచ్చే స్టాపులో జనం పోగవుతారు, బస్సు రాగానే అందరూ ఎక్కేస్తారు. నిమిషానికొకటి వేస్తే జనం సంఖ్య మారదు, కొద్దికొద్దిగా ఎక్కుతారంతే. కాబట్టి 125లో ఆడినా నీ ఎయిమ్ వెళ్లాల్సినంత దూరం వెళ్తుంది, కదలిక ఎక్కడా పోదు. చెడేది టైమింగ్.

ఎలా చెడుతుందో చూడు. 144 హెర్ట్జ్ స్క్రీన్‌కి సెకనులో 144 బొమ్మలు కావాలి. ఆఫీస్ మౌస్ ఇచ్చేది 125 రిపోర్టులు. ఎలా సర్దినా సెకనులో కనీసం 19 బొమ్మలకి కొత్త కదలిక అందదు. చేయి తిరుగుతూనే ఉంటుంది, బొమ్మ మాత్రం పాతచోటే నిలబడి తర్వాతి బొమ్మలో ముందుకి గెంతుతుంది. నీలాగా ఎఫ్‌పీఎస్‌కి హద్దు పెట్టకుండా 200లో ఆడితే 75 ఫ్రేములు ఖాళీగా పోతాయి. 60 హెర్ట్జ్ స్క్రీన్ వాళ్లకీ ఈ పీడ ఉంది. బొమ్మకి రెండేసి రిపోర్టులు పంచితే 120 అయ్యాయి, మిగిలిన ఐదూ ఐదు బొమ్మలకి అదనం. అంటే పన్నెండు బొమ్మలకోసారి చూపు ఒకటిన్నర రెట్లు జరుగుతుంది. గోడ పక్కన నిలబడి మౌస్‌ని ఒకే వేగంతో మెల్లగా తిప్పి చూడండి, గోడ అంచు సన్నగా వణుకుతున్నట్టు కనిపించేది ఇదే.

అదే 500లో పెట్టావనుకో, 144 స్క్రీన్‌కి బొమ్మకి మూడో నాలుగో రిపోర్టులు పడతాయి. 1000లో ఆరో ఏడో. మూడుకీ నాలుగుకీ మధ్య తేడా పెద్దదే, ఆరుకీ ఏడుకీ మధ్య అంత ఉండదు. ఇంకా పైకి పోతే తేడా ఉంటుంది గానీ పట్టుకోవడం కష్టం.

ఆలస్యం లెక్క కూడా అంతే. రిపోర్టు కోసం సగటున సగం విరామం వేచి ఉండాలి. 125లో 4 మిల్లీసెకన్లు, 1000లో 0.5. అక్కడ మిగిలేది 3.5. 1000 నుంచి 8000కి వెళ్తే మిగిలేది అర మిల్లీసెకను కన్నా తక్కువ. వాలరెంట్ సర్వర్ సెకనుకి 128 టిక్కులు నడుస్తుంది, అంటే అన్నిసార్లు ఆట లెక్క సరిచూసుకుంటుంది, ఒక్కో టిక్కే 7.8 మిల్లీసెకన్లు. ఆ అర కోసం ప్రాసెసర్‌ని చంపుకోవడం దేనికి?

పింగ్ 40 ఉంటే మౌస్ తేడా ఎందుకు అనేది వినడానికి సబబుగానే ఉంటుంది, కానీ ఆ రెండూ వేరు. నువ్వు మౌస్ తిప్పగానే చూపు తిరిగేది నీ కంప్యూటర్‌లోనే. ముంబయి సర్వర్‌ని అడిగి తిరగదు. నెట్ ఎంత చెత్తగా ఉన్నా ఎయిమ్ చేసే చెయ్యి నమ్మేది కళ్ల ముందున్న బొమ్మనే.

ఇప్పుడు నీ 110 ఎఫ్‌పీఎస్. మౌస్ కదలనప్పుడు కంప్యూటర్ అడుగుతున్నా ఇవ్వడానికి దాని దగ్గర ఏమీ ఉండదు, కాబట్టి పైన విండోస్‌కీ గేమ్‌కీ పని తగలదు. అందుకే నిలబడితే 200. గట్టిగా తిప్పావంటే సెకనుకి వేలకొద్దీ రిపోర్టులు వచ్చి పడతాయి. ఒక్కోదానికి ప్రాసెసర్ చేతిలో పని ఆపి, అందుకుని, విండోస్ చేతికిచ్చి, అక్కడినుంచి గేమ్‌కి చేర్చాలి. నీది నాలుగు కోర్ల ఐ3. వాలరెంట్‌లో ముందు ఆయాసపడేది అదే. గ్రాఫిక్స్ కార్డు కాదు. షాప్ ఆయన చెప్పిన కార్డు పెట్టినా మౌస్ తిప్పగానే మళ్లీ ఇదే చూస్తావు.

దీనికి గేమ్‌లోనే ఒక మందు ఉంది. సెట్టింగ్స్‌లో జనరల్, అందులో మౌస్ దగ్గర రా ఇన్‌పుట్ బఫర్ అని ఉంటుంది, ఆన్ చెయ్. అప్పుడు గేమ్ రిపోర్టుల్ని ఒక్కొక్కటిగా అందుకోకుండా పోగైనవన్నీ ఒక్కసారిగా తీసుకుంటుంది. ఎక్కువ పోలింగ్ రేట్ మౌసుల కోసమే పెట్టింది అది.

రెండోది నీ విండోస్. గేమ్ ఆడుతుంటే వెనకాల ఉండే ప్రోగ్రాములు కూడా కొన్ని మౌస్‌ని వింటూ ఉంటాయి: రంగుల లైట్ల సాఫ్ట్‌వేర్, రికార్డింగ్ చేసేవి, గేమ్ మీద ఎఫ్‌పీఎస్ చూపించేవి. 8000లో పెడితే వాటన్నిటికీ కూడా ప్రతి రిపోర్టూ వెళ్తుంది. విండోస్ 11కి 2023లో వచ్చిన అప్‌డేట్‌తో ఈ దారి ఇరుకు చేశారు. వెనకాల వింటున్నవాటికి 8 మిల్లీసెకన్లకోసారే, అప్పటిదాకా పోగైనవి కలిపి ఇస్తుంది. ఆ సదుపాయం నీ విండోస్ 10లో లేదు. నీ ప్రాసెసర్ 11కి పనికొస్తుంది, దాని సంగతి మ్యాచ్ అయ్యాక చూసుకో. మ్యాచ్ ముందు విండోస్ మార్చడం అంత బుద్ధిలేని పని ఇంకోటి లేదు. ఇప్పటికి ఆ ప్రోగ్రాములు మూసెయ్, చాలు.

చివరగా నీ 400 డీపీఐ. మౌస్ ఒక అంగుళం కదిలితే 400 కౌంట్లు. ఎయిమ్ సర్దుకునేటప్పుడు చెయ్యి సెకనుకి ఒక అంగుళం కదిలిందనుకో, కొత్తగా చెప్పడానికి ఉన్నవే 400. నువ్వు 1000 పెట్టు, 8000 పెట్టు, అంతకుమించి రావు. 400 డీపీఐతో 8000 నిండుగా రావాలంటే చెయ్యి సెకనుకి 20 అంగుళాలు, అంటే అర మీటరు వేగంతో పోవాలి. అంత వేగంతో తిరిగేటప్పుడు నువ్వు గురి చూడటం లేదు, వెనక్కి తిరుగుతున్నావు. అంటే పోలింగ్ పనికొచ్చే చోట నీకు అందట్లేదు, పనికిరాని చోట ప్రాసెసర్ మీద పడుతోంది. డీపీఐ 1600 చేసి గేమ్‌లో సెన్సిటివిటీ 0.2 పెట్టుకో. 400 ఇంటూ 0.8 ఎంతో 1600 ఇంటూ 0.2 అంతే, చేతికి తేడా ఉండదు. డెస్క్‌టాప్ మీద కర్సర్ పరిగెడుతుంది, దాన్ని విండోస్‌లో తగ్గించుకో.

ఈ వరసలో చెయ్: 1000, రా ఇన్‌పుట్ బఫర్ ఆన్, 1600 డీపీఐ, మౌస్ వైరు క్యాబినెట్ వెనక మదర్‌బోర్డు పోర్టులోకి. ముందు వైపు పోర్టు వద్దు, హబ్ అసలు వద్దు. గేమ్‌లో ప్రాక్టీస్ చేసే రేంజ్‌లోకి వెళ్లి గిరగిరా తిప్పి చూడు. అప్పటికీ పడుతుంటే మొహమాటపడకుండా 500కి దిగు. 1000లో కుదుపులతో ఆడేకన్నా 500లో నిలకడగా ఆడటం మేలు.

ఇంత చెప్పడానికి కారణం ఉంది. మాకు బ్రాడీపేటలో గేమింగ్ సెంటర్ ఉండేది, కౌంటర్ స్ట్రైక్ 1.6 రోజులు. అప్పటికి యూఎస్‌బీ మౌస్ కొత్త మోజు, పోటీ పడి కొన్నాం. కుర్రాళ్లు మాత్రం వాటిని వదిలేసి ఆకుపచ్చ పిన్ను పాతరకం పీఎస్/2 మౌస్ ఉన్న మూల సిస్టమ్ కోసం కొట్టుకునేవాళ్లు. ఎందుకంటే విండోస్ ఎక్స్‌పీలో డివైస్ మేనేజర్‌లోకి వెళ్తే పీఎస్/2 మౌస్‌కి శాంపిల్ రేట్ ఉండేది, పోలింగ్ రేట్ లాంటిదే, మామూలుగా 100, దాన్ని 200 చేసుకోవచ్చు. మా కొత్త యూఎస్‌బీ మౌసులు 125 దగ్గర కూర్చునేవి. పదో తరగతి పిల్లలకి ఈ సంగతి తెలుసు, ఆ కాలంలో. వాళ్లెవరూ మిల్లీసెకన్ల లెక్క వెయ్యలేదు తమ్ముడూ, చేతికి తెలిసింది.


బీచ్‌రోడ్_బాట్:

సరే బాబాయ్, 60 హెర్ట్జ్ మానిటరే నాది. ఆ పన్నెండు బొమ్మల లెక్క కాగితం మీద వేసి చూశా, కరెక్టే వచ్చింది. గోడ వణుకుడు కూడా చూశా. ఇన్నాళ్లూ అది వీ సింక్ (బొమ్మల్ని స్క్రీన్ వేగానికి కట్టే సెట్టింగ్) వల్ల అనుకున్నా. అయినా ప్లాటినం వచ్చింది ఈ మౌస్‌తోనే, ఆ మాట వెనక్కి తీసుకోను.


బ్రాడీపేట_బాబాయ్:

తీసుకోవద్దు. ప్లాటినం నీ చేతిది, మౌస్‌ది కాదు.


నెల్లూరు_నూబ్:

బాబాయ్ గారూ, మధ్యలో దూరినందుకు ఏమనుకోవద్దు. కొత్త మౌస్ కొనే స్థోమత ఇప్పుడు లేదు. ఆఫీస్ మౌస్‌నే డ్రైవర్ మార్చి 1000 హెర్ట్జ్ చేయొచ్చని యూట్యూబ్‌లో చూశాను. హిడ్‌యూఎస్‌బీఎఫ్ అంట. వీడియోలో ముందు బయోస్‌లోకి వెళ్లి సెక్యూర్ బూట్ ఆఫ్ చేయమంటున్నాడు. చేయొచ్చా? నాది విండోస్ 11, ఆడేది వాలరెంట్.


బ్రాడీపేట_బాబాయ్:

సెక్యూర్ బూట్ ఆఫ్ చేస్తే నీ గేమే తెరుచుకోదు. విండోస్ 11లో వాలరెంట్‌కి సెక్యూర్ బూట్, టీపీఎం 2.0 అనే రెండు భద్రతా ఏర్పాట్లూ ఉండాలి, లేకపోతే మోసాలు పట్టే దాని కాపలా ప్రోగ్రామ్ వాన్‌గార్డ్ లోపలికి రానివ్వదు. పాత గేములు ఆడేవాళ్లకి ఆ డ్రైవర్ పనికొస్తుంది, చాలా ఏళ్లుగా వాడుతున్నారు కూడా. అలాంటి యాంటీ చీట్ కాపలా ఉన్న గేమ్ పక్కన విండోస్ గుండెకాయలో, అదే కెర్నెల్‌లో, దూరే బయటి డ్రైవర్లు పెట్టడం నేనైతే చెయ్యను, ఎవరికీ చెప్పను.

ఒకవేళ పెట్టినా అన్ని మౌసులూ మాట వినవు. కంప్యూటర్ సెకనుకి వెయ్యి సార్లు అడగడం మొదలుపెడుతుంది, బానే ఉంది. లోపలున్న చిప్ 8 మిల్లీసెకన్లకోసారి కొత్త లెక్క ఇచ్చేలా తయారైందనుకో, ఎన్నిసార్లు అడిగినా ఏం లాభం? కొన్ని చక్కగా 500 దాకా వెళ్తాయి, కొన్ని చుక్కలు చెదరగొడతాయి.

చవక మౌసుల్లో పోలింగ్ కన్నా పెద్ద ఆలస్యం ఇంకోచోట ఉంటుంది. బటన్ నొక్కినప్పుడు లోపలి రేకు ఒక్కసారి తాకి ఊరుకోదు, అదిరి నాలుగైదు సార్లు తాకుతుంది. ఆ అదురుని నాలుగైదు క్లిక్కులుగా లెక్కపెట్టకుండా మౌస్ కాసేపు ఆగుతుంది. డీబౌన్స్ అంటారు. కొన్ని మౌసుల్లో ఆ ఆగడం 10 మిల్లీసెకన్లు కూడా ఉంటుంది. క్లిక్ కూడా కదలికతో పాటు అదే రిపోర్టులో వెళ్లాలి కాబట్టి, అక్కడ పది పోయాక నువ్వు పోలింగ్‌లో మహా అయితే ఏడు మిగుల్చుకున్నా పెద్దగా సుఖం లేదు.

డబ్బులు కూడినప్పుడు 1000 హెర్ట్జ్ ఉన్న పేరున్న కంపెనీ వైర్ మౌస్, అన్నిటికన్నా చవక మోడల్ తీసుకో. లాజిటెక్ జీ102 లాంటిది చాలు. అప్పటిదాకా ఉన్నదాంతో ఆడు.


కూకట్‌పల్లి_కర్సర్:

నమస్కారం అండీ. వైర్‌లెస్ వాడేవాళ్లకి ఒక మాట చెప్పిపోదామని. నాది 1000 హెర్ట్జ్ వైర్‌లెస్ మౌస్, డాంగిల్‌ది (యూఎస్‌బీలో పెట్టే చిన్న రిసీవర్). ల్యాప్‌టాప్ కుడివైపు రెండు యూఎస్‌బీ 3.0 పోర్టులు ఉంటే ఒకదాంట్లో డాంగిల్, పక్కదాంట్లో ఎక్స్‌టర్నల్ హార్డ్ డిస్క్ పెట్టేదాన్ని. ఆఫీస్ పని అయ్యాక గేమ్ మొదలుపెడితే కర్సర్ ఉన్నట్టుండి ఆగేది, బ్యాటరీ అయిపోయిందేమో అనుకుని మార్చేదాన్ని. చిత్రమేమిటంటే హార్డ్ డిస్క్ నుంచి ఏదన్నా కాపీ అవుతున్నప్పుడే ఎక్కువ ఆగేది.

తర్వాత తెలిసింది, యూఎస్‌బీ 3.0 పని చేసేటప్పుడు 2.4 గిగాహెర్ట్జ్ దగ్గర రేడియో రొద పుట్టిస్తుందట. ఇంటెల్ వాళ్లే 2012లో దీని మీద పత్రం ప్రచురించారు. మౌస్ డాంగిల్ మాట్లాడేదీ అదే 2.4లో. ఒక యూఎస్‌బీ ఎక్స్‌టెన్షన్ వైరు వేసి డాంగిల్‌ని టేబుల్ మీదికి, మౌస్ ప్యాడ్ అంచుకి తెచ్చాను. అంతే, ఆగడం పోయింది. వైఫై రూటర్ కూడా టేబుల్ మీదే పెట్టుకునేవాళ్లు దాన్ని కాస్త దూరం జరపండి.

ఇంకోటి, చాలా వైర్‌లెస్ మౌసుల్లో బ్యాటరీ ఆదా మోడ్ అని ఒకటి ఉంటుంది. అది ఆన్‌లో ఉంటే పోలింగ్ 125కి దిగిపోతుంది. మౌస్ కొన్నవాళ్లు ఇది చూసుకోకుండా మౌస్ బాగోలేదని తిడుతుంటారు. మా ఆయన మౌస్ అలాగే ఉండేది, చెప్తే వినలేదు, నేనే మార్చేశాను. ఇప్పటికీ ఆయనకి తెలీదు, ఈ మధ్య ఆట మెరుగైందని మాత్రం అంటున్నారు.


హన్మకొండ_హెడ్‌షాట్:

బాబాయ్, దండాలు! చెప్పినట్టే చేసిన.

మౌస్ టెస్టర్‌ల 1000 పెడితే చుక్కలు గీత మీదనే ఉన్నయి. పోర్ట్ మార్చకముందు, ముందు వైపు పెట్టినప్పుడు కొన్ని 2 దగ్గర కనపడ్డయి, వెనుక పోర్ట్‌ల పెట్టినంక పోయినయి. 8000ల పెడితే మాత్రం చీమలు చెదిరినట్టే, ఒక్క గీత లేదు.

గేమ్‌ల 1000, బఫర్ ఆన్. గిరగిర తిప్పినా 190 కింద పడుతలేదు. బఫర్ ఆన్ చేసి 8000 పెడితే 150 దగ్గరికి పడుతుంది, ముందటంత ఘోరం లేదు గని నాకొద్దు. 2000ల 180 వస్తుంది. 1000 ఉంచాల్నా, 2000 ఉంచాల్నా? రంగుల లైట్ల సాఫ్ట్‌వేర్ తీసేసిన, కీబోర్డు లైట్లు పోయినయి, పోనీ.

1600 డీపీఐ మొదట భయమైంది, మెనూల కర్సర్ ఉరుకుతుంది. గేమ్‌ల మాత్రం ఏం తేడా తెలుస్తలేదు, అంతెందుకు మెల్లగ గురి పెట్టేటప్పుడు ఇంకా సాఫ్ అనిపిస్తుంది. షాప్ ఆయనకు కార్డు వద్దని ఫోన్ చేసి చెప్పిన, మొఖం మాడ్చుకున్నట్టు మాట్లాడిండు.


బ్రాడీపేట_బాబాయ్:

1000 ఉంచు. రేంజ్‌లో నువ్వొక్కడివే తిప్పితే 2000 బాగానే ఉంటుంది. మ్యాచ్‌లో పదిమంది ఒకేచోట కొట్టుకుంటూ పొగలు, మంటలు వేసినప్పుడు ప్రాసెసర్‌కి ఊపిరి ఉండాలి. ఆ పది ఎఫ్‌పీఎస్ అక్కడ పనికొస్తాయి.

ఇంతకీ ఆదివారం మ్యాచ్ ఎవరి సిస్టమ్‌ల మీద? నీ పీసీ కాకపోతే ఒక్క పని చెయ్. మౌస్ సాఫ్ట్‌వేర్‌లో ఆన్‌బోర్డ్ మెమరీ, అంటే సెట్టింగులు మౌస్‌లోనే దాచుకునే చోటు, ఉందేమో చూడు. 1000, 1600 రెండూ అందులో సేవ్ చేసి, వేరే పీసీలో ఆ సాఫ్ట్‌వేర్ లేకుండా పెట్టి పరీక్షించు. సేవ్ చెయ్యకపోతే అక్కడికెళ్లాక మళ్లీ 8000తోనో, ఇంకేదో డీపీఐతోనో లేస్తుంది. సెన్సిటివిటీ నీ అకౌంట్‌తో వస్తుంది, డీపీఐ రాదు. 0.2 సెన్సిటివిటీతో 400 డీపీఐలో మ్యాచ్ మొదలైందనుకో, వెనక్కి తిరగాలంటే మౌస్ ప్యాడ్ చాలదు.

అక్కడి మానిటర్ ఎంత హెర్ట్జ్‌లో నడుస్తోందో కూడా చూసుకో. హాస్టల్ కుర్రాళ్లు 144 మానిటర్ కొని డిస్‌ప్లే సెట్టింగ్స్‌లో 60లోనే వదిలేసి ఉంటారు, అది మార్చకుండా మౌస్ ఎంత సర్దినా దండగ.


హన్మకొండ_హెడ్‌షాట్:

వాళ్ల పీసీల మీదనే బాబాయ్, మంచిగ యాది చేసినవ్. ఆన్‌బోర్డ్ అని ఆప్షన్ ఉన్నది, ఇప్పుడే సేవ్ చేసిన. రాత్రికి మా రూమ్మేట్ ల్యాప్‌టాప్‌కు పెట్టి చూస్త. వాళ్ల మానిటర్ 60ల ఉంటే చెప్పకుంట నా ఒక్కదే మార్చుకుంట.


బీచ్‌రోడ్_బాట్:

ఐదుగురివీ మార్చు బ్రో, గెలిచాక గొడవ పెట్టుకుంటారు లేకపోతే.